ఊరికొక్క టేపు

ఆ బుధవారం పొద్దున రామమోహన్ వేసుకున్న పథకానికి వంక పెట్టేందుకు ఏమీ లేదు. పదకొండింటికల్లా పులివెందుల నుంచి షహబాజ్ మిషను తెస్తాడు. దాన్ని ముందుగదిలో ఉన్న పాత కంప్యూటరుకు తగిలిస్తారు. భోజనాల వేళకు బెంగుళూరు నుంచి ప్రియదర్శిని అనే అమ్మాయి వస్తుంది. ఆమె ఎదుట రామమోహన్ టేపు పెడతాడు, మిషను గిర్రున తిరుగుతుంది, ముప్పై ఏళ్ల కిందటి ఫైళ్లు తెర మీదికి వస్తాయి, ఆ అమ్మాయి నోరెళ్లబెడుతుంది. మన దేశంలో తొలినాళ్ల కంప్యూటరు కంపెనీల మీద ఆమె రాస్తున్న పుస్తకంలో ఆయనకు ఒక పేజీ దక్కుతుంది.

ఆ ఒక్క పేజీ మీదే ఆయన ప్రాణాలన్నీ పెట్టుకున్నాడు. ప్రొద్దుటూరులో తమ బట్టల కొట్టు వెనక రేకుల షెడ్డులో ఆయన పదేళ్లపాటు 'పినాకిని టేప్ బ్యాకప్ సిస్టమ్స్' అనే కంపెనీ నడిపాడు. కంప్యూటరులో ఉన్నదంతా ఒక టేపు మీదికి ఎక్కించి భద్రపరిచే మిషన్లు అక్కడ తయారయ్యేవి. ఆ రోజుల్లో అదే పని ఫ్లాపీలతో చేయాలంటే సంచీడు కావాలి, పొద్దంతా కూర్చోవాలి. ఆయన టేపు అరచేతిలో ఇమిడేది. తరవాత సీడీలు వచ్చాయి, పినాకిని మూతపడింది. ఊరు మాత్రం ఆయన్ని ఇప్పటికీ 'క్యాసెట్ల శెట్టి' అంటుంది. షెడ్డులో పాటల క్యాసెట్లు అమ్ముకున్నాడని జనం నమ్మకం. ఆ పేరు చెవిన పడ్డప్పుడల్లా ఆయన కొలుస్తున్న బట్ట అక్కడే వదిలేసి లోపలికి వెళ్లిపోయేవాడు.

స్నానం చేసి, ఇస్త్రీ చొక్కా తొడుక్కుని, టేపు కోసం పూజగది అలమర తెరిచాడు రామమోహన్. డబ్బా మూత తీశాడు. టేపు పెట్టె మీద గంధం, గంధం మీద కుంకుమ, కుంకుమ మీద మళ్లీ గంధం. ప్రతి దసరాకూ కొట్టులోని కత్తెరలతో, గజంబద్దలతో పాటు దానికీ ఆయుధపూజ జరుగుతూ వచ్చిందన్న సంగతి ఆయనకు ఆ రోజే తెలిసింది. పెట్టె సందుల్లోంచి లోపలికి కారిన గంధం ఎండి, టేపు చుట్ట మొత్తం ఒక్క బిళ్లగా గడ్డకట్టింది.

"టేపుకు ఎవురన్నా బొట్టు పెడ్తారా?" అని భార్య లక్ష్మీదేవి మీద కేకలు వేశాడు.

"కంపెనీ ప్రాణమంతా దీంట్లోనే ఉండాదని మీరే కదా చెప్పింది" అందామె, తిరగమోత గరిటె చేతిలో పట్టుకుని.

"ప్రాణముండేదానికి గంధం పూస్తారా?"

"ప్రాణముండేదానికే పూస్తారు" అని ఆమె వంటింట్లోకి వెళ్లిపోయింది.

అదృష్టం కొద్దీ ఆ టేపుకు ఇంకో రెండు కాపీలు ఉన్నాయి. కంపెనీ మూసేసిన రోజున మిషన్ల నమూనాలు, కొన్నవాళ్ల వివరాలు, సమస్తం టేపుకెక్కించి మూడు కాపీలు తీశారు. ఒకటి ప్రొద్దుటూరులో రామమోహన్ దగ్గర. ఇంకొకటి జమ్మలమడుగులో గోవిందమ్మ దగ్గర. ఆమె రైతు కుటుంబం మనిషి, కంపెనీలో టేపులు పరీక్షించే విభాగానికి పెద్ద. మూడోది పులివెందులలో షహబాజ్ దగ్గర. అతను ఊరూరా తిరిగి మిషన్లు బాగుచేసిన ఇంజినీరు, ఇప్పుడు మోటార్ల రిపేరు షాపు నడుపుతున్నాడు. కంపెనీలో మిగిలిన ఒకే ఒక్క మిషను కూడా అతని దగ్గరే ఉంది.

కాపీల విషయంలో పినాకినికి ఒక కట్టడి ఉండేది. ఒక ఊళ్లో ఒక కాపీయే ఉండాలి. ఒక ఊరు మునిగినా, ఇంకో ఊరు కాలినా, మూడో ఊళ్లో సరుకు క్షేమంగా ఉంటుంది. కాపీ ఊరు కదిలితే కదిలించినవాళ్లు మిగతా ఇద్దరికీ కబురు చేయాలి. ఈ రెండు మాటలూ రామమోహన్ పదేళ్లపాటు పనివాళ్ల చేత రోజూ పొద్దున ప్రార్థనలా చెప్పించాడు. కంపెనీ పోయినా ఆ మాటలు వాళ్ల ఒంటికి పట్టేశాయి.

రామమోహన్ జమ్మలమడుగుకు ఫోను కొట్టాడు.

"గోవిందమ్మా, బాగుండావా? నీ కాడుండే టేపు తీసుకోని ఇప్పుడే ప్రొద్దుటూరికి రామ్మా."

"ఏందన్నా, పొద్దున్నే? నీ టేపుకేమయింది?"

ఊళ్లవాళ్ల లెక్కలన్నీ కాపాడతానని మిషన్లు అమ్మినవాడు సొంత టేపును గంధంలో నానబెట్టుకున్నాడని ఏ నోటితో చెప్తాడు? అదీ గోవిందమ్మతో! టేపు మీద వేలిముద్ర పడిందని ఒకప్పుడు ఆమెను ఆయన పదిమందిలో నిలబెట్టి చీవాట్లు పెట్టాడు.

"నా టేపుకేమైతాది? చెక్కు చెదర్లేదు. ఆయమ్మికి నీది చూపిస్తే బాగుంటాదని..."

"మరి ఒకే ఊర్లో రెండు టేపులు ఎట్ల పెడ్తావన్నా? నువ్వే కదా మాకు నేర్పింది?"

"నాది జమ్మలమడుగుకు పంపిస్తాలేమ్మా. నీది ఇట్లొస్తాది, నాది అట్లపోతాది. సరేనా?"

అబద్ధం చెబితే అతికినట్టుండాలంటారు. ఈ అబద్ధం అవసరానికి మించి అతికింది. గోవిందమ్మ శెనగచేను పని కూలీలకు అప్పజెప్పి, టేపును తువ్వాలలో చుట్టి, తువ్వాలను టిఫిను క్యారియరులో పెట్టి, ప్రొద్దుటూరు బస్సెక్కింది. ప్రొద్దుటూరు బస్టాండులో దిగాక కట్టడి ప్రకారం షహబాజ్‌కు ఫోను చేసింది.

షహబాజ్ అప్పటికి తన వ్యానులో ముద్దనూరు దాకా వచ్చి టీ తాగుతున్నాడు.

"నా టేపు ప్రొద్దుటూరికి వచ్చిందిరా. రామమోహనన్నది మా ఊరికి పోతాంది. నీకు తెలిసుండాల కదా, అందుకు చెప్తాండా" అంది గోవిందమ్మ.

షహబాజ్ టీ గ్లాసు కింద పెట్టేశాడు. "అక్కా, నా టేపు మిషన్లోనే ఉండాది! దుమ్ము పడకుండా ఎప్పుడూ దాంట్లోనే పెట్టింటా, పొద్దున తియ్యడం మర్సిపోయినా. నేనూ మిషను ఎత్తుకోని ప్రొద్దుటూరికే వస్తాండా. నీదీ నాదీ ఒకే ఊర్లో ఎట్లక్కా? పులివెందులలో ఒగటీ లేకపాయ!"

"గాబరా పడాకు, ఉండు." గోవిందమ్మ బస్టాండు బెంచీ మీద కూర్చుని ఆలోచించింది. తెలివైన మనిషి కాబట్టి చిక్కుముడి చిటికెలో విప్పేసింది. "రామమోహనన్నది జమ్మలమడుగుకు పోతాంది కదా. నువ్వు నీది తీసుకోని ప్రొద్దుటూరికి రా. నేను నాది తీసుకోని పులివెందులకు పోతా. ఊరికొకటి. అయిపాయ!"

ఆ ఏర్పాటులో నిజంగానే లోపం లేదు. అక్కడి నుంచి రామమోహన్ ఇంటికి నడిచి వెళ్లేంత దూరం. ఆమె మాత్రం క్యారియరు ఒళ్లో పెట్టుకుని ఎదురుగా ఉన్న పులివెందుల బస్సెక్కి కిటికీ పక్కన కూర్చుంది. రామమోహన్‌కు కబురు చేద్దామంటే ఆయన ఫోను ఖాళీ లేదు. ఆయన ప్రియదర్శినికి దారి చెప్తున్నాడు. అందుకని లక్ష్మీదేవికి చేసింది.

"వదినా, నేను టేపు తీసుకోని పులివెందులకు పోతాండానని అన్నకు చెప్పు. ఇంకో మాట, షహబాజు..."

అంతలో వాకిట్లో కారు ఆగింది. ప్రియదర్శిని అనుకున్నదానికంటే ముందే వచ్చేసింది. ఇంటికొచ్చిన మనిషిని వాకిట్లో నిలబెట్టి ఫోను మాట్లాడడం లక్ష్మీదేవికి చేతకాదు. ఫోను పెట్టేసి, వచ్చినామెకు కాళ్లకు నీళ్లిచ్చి, మంచినీళ్లిచ్చి, ఆ తరవాత భర్తను పక్కకు పిలిచి చెప్పింది.

"గోవిందమ్మ టేపు తీసుకోని పులివెందుల బస్సెక్కినాదంట."

"పులివెందులకా? ఎందుకంట?"

"నాకేం తెలుసు? మీ కంపెనీ మనుషులు."

రామమోహన్‌కు ముందు అర్థం కాలేదు. తరవాత అర్థమైంది అనుకున్నాడు, అదే పెద్ద ప్రమాదం. తన టేపు సంగతి గోవిందమ్మకు ఎలాగో తెలిసిపోయి, అబద్ధమాడినందుకు అలిగి వెళ్లిపోతోందని తీర్మానించుకున్నాడు. కొడుకు వంశీధర్‌ను కొట్టులోంచి పిలిపించి, "కారు తియ్‌రా, బస్సును పట్టుకోవాల" అన్నాడు.

"ఏ బస్సు నాయనా?"

"పులివెందుల బస్సు."

"మిషను కూడా పులివెందుల నుంచే కదా వస్తాండేది? మరి టేపెందుకు ఆడికి పోతాంది?"

"అది తెలిస్తే నేనెందుకు పోతానురా!" అని విసుక్కుని, ప్రియదర్శినికి చేతులు జోడించి, "అరగంటమ్మా, అరగంటలో వచ్చేస్తా" అని కారెక్కాడు.

వాళ్ల కారు సందు మలుపు తిరిగిన కాసేపటికే షహబాజ్ వ్యాను వచ్చి ఇంటి ముందు ఆగింది. ఇటుకరాయి రంగులో ఉన్న మిషనును అతను పసిబిడ్డలా రెండు చేతులతో ఎత్తుకుని వచ్చి ముందుగదిలో బల్ల మీద పెట్టాడు. ప్రియదర్శిని లేచి నిలబడింది. మిషను నోట్లో టేపు కూడా ఉంది. పక్కనే కంప్యూటరు ఉంది. ఒక్క వైరు తగిలిస్తే చాలు, రామమోహన్ పొద్దుటి పథకం ఆయన లేకుండానే పూర్తయ్యేది.

"సార్ యాడమ్మా?" అన్నాడు షహబాజ్.

"ఇప్పుడే పోయిరి నాయనా. కూచో, మజ్జిగ తాగు."

"సార్ టేపు జమ్మలమడుగుకు పోయిందా?"

"టేపు యాడికి పోతాది? దేవుని కాడే ఉండాది" అంది లక్ష్మీదేవి. ఆమెకు అబద్ధమాడే అలవాటు లేదు. అబద్ధమాడాలని ఆమెకు ఎవరూ చెప్పలేదు కూడా.

షహబాజ్ ముఖంలో నెత్తురు చుక్క లేదు. "రెండూ ఒకే ఊర్లోనా? ఒకే ఇంట్లోనా!" అని మిషనును మళ్లీ చంకలో ఇరికించుకుని, మజ్జిగ గ్లాసు వైపు కూడా చూడకుండా వ్యానెక్కి జమ్మలమడుగు దారి పట్టాడు. మూడు ఊళ్లలో ఇప్పుడు టేపు లేనిది అదే మరి.

ప్రియదర్శిని ఖాళీ బల్లను, ఊగుతున్న తలుపును మార్చి మార్చి చూసింది. "ఎవరమ్మా ఆయన?"

"మా కంపెనీ ఇంజినీరేనమ్మా. శానా నమ్మకస్తుడు."

"మరి మిషను ఎందుకు తీసుకెళ్లిపోయారు?"

"అదే అర్థం కాలేదు తల్లీ. నువ్వు బువ్వ తిను" అని లక్ష్మీదేవి ఆకు వేసింది. ఓళిగలు వడ్డిస్తూ, ఊరికే కూర్చోవడం ఎందుకని మాటలు మొదలుపెట్టింది. దసరా గిరాకీ లెక్కలన్నీ ఉన్న ఫ్లాపీలను ఎలుకలు కొరికేస్తే రామమోహన్ రెండు రోజులు అన్నం ముట్టకుండా పడుకున్నది, లేచాక టేపురికార్డరు విప్పి కూర్చున్నది, అలా పినాకిని పుట్టినది, అన్నీ చెప్పింది. షెడ్డులో ఆడపిల్లలు మిషన్లు బిగిస్తుంటే అందరికీ తనే సంగటి కెలికిన రోజులు చెప్పింది. చాపాడు దూదిమిల్లు ఆసామికి మిషను సత్తా చూపిస్తానని ఆయన ధైర్యంగా కంప్యూటరులోని లెక్కలన్నీ చెరిపేసి, టేపులోంచి తిరిగి రప్పించడానికి పోతే కరెంటు పోయినప్పుడు, తను ఇంట్లో కూర్చుని వేయి దేవుళ్లకు మొక్కుకున్నది చెప్పింది. ప్రియదర్శిని తినడం ఆపి, ఎంగిలి చెయ్యి పైకెత్తి, ఎడమచేత్తో ఫోనులో రికార్డింగు నొక్కింది.

అక్కడ ముద్దనూరు బస్టాండులో రామమోహన్ బస్సును పట్టుకున్నాడు. గోవిందమ్మను చెయ్యి పట్టి దించినంత పని చేశాడు.

"తప్పయిపాయమ్మా, అలగాకు" అన్నాడు రొప్పుతూ.

"నేనెందుకు అలుగుతానన్నా? నీ టేపు జమ్మలమడుగు చేరిందా?" అని ఆమె అమాయకంగా అడిగింది. ఆమెకు ఏమీ తెలియదని ఆయనకు అప్పుడు అర్థమైంది. మళ్లీ ధైర్యం వచ్చింది. ఇంతలో ఆమె ఫోను మోగింది.

"అక్కా, ఘోరమైపాయ!" షహబాజ్ గొంతు బస్టాండంతా వినిపించింది. "సార్ టేపు ఇంట్లోనే ఉండాది. నేను మీ ఊరొచ్చి, మీ అరుగు మీద మిషను ఒళ్లో పెట్టుకోని కూచోనుండా."

రామమోహన్ ఫోను లాక్కున్నాడు. "షహబాజూ, వెనక్కి పోప్పా! ఆయమ్మి కాచుకోనుండాది. మిషను తీసుకోని మా ఇంటికి పో!"

"మీ టేపు ఆడుండంగా నా టేపు ఎట్ల తెస్తా సార్?"

"నేను చెప్తాండా కదా!"

"ఓనరే వచ్చి అడిగినా రెండు కాపీలు ఒక ఊర్లో పెట్టొద్దని మీరే చెప్పినారు సార్. మీ మాట వినొద్దని మీదే ఆర్డరు."

రామమోహన్ అటు చూశాడు, ఇటు చూశాడు. పక్కన కొడుకున్నాడు, ఎదురుగా గోవిందమ్మ ఉంది. ఇంటి దగ్గర పుస్తకం రాసే పిల్ల ఉంది. పేజీ కావాలంటే పరువు వదులుకోవాలి. ఇంకో దారి లేదు.

"నా టేపు లేదప్పా!" అని అరిచాడు. "చచ్చిపాయ! ఏటేటా గంధం పూసి, కుంకుమ పెట్టి మేమే చంపుకున్యాం! పొద్దున అబద్ధం చెప్పినా!"

బస్టాండులో జనమంతా ఇటు తిరిగారు. శెనక్కాయలు అమ్మే ముసలామె గంప దించి దగ్గరికొచ్చి, "ఏడ్సాకు నాయనా, పోయినోళ్లను తెచ్చుకోగలమా" అని ఓదార్చి గుప్పెడు శెనక్కాయలు చేతిలో పెట్టింది.

గోవిందమ్మ మాత్రం తిట్టలేదు. ఆమె తిట్టి ఉంటే రామమోహన్‌కు కొంత హాయిగా ఉండేది.

"ఈ మాట పొద్దున్నే చెప్పింటే ఈ పాటికి అందరం మీ ఇంట్లో ఓళిగలు తింటాంటిమి కదన్నా" అని మాత్రం అంది. ఆయనకు సిగ్గుతో చెవులు కాలిపోయాయి. "సరే, ఉండేది రెండే అని తెలిసినంక ఇంకా జాగర్తగా ఉండాల. వాడు ప్రొద్దుటూరికి పోనీ. నేను నాది తీసుకోని మా ఊరికి పోతా" అని జమ్మలమడుగు బస్సెక్కి కూర్చుంది. రమ్మని రామమోహన్ ఎంత బతిమాలినా దిగలేదు.

పొద్దు గుంకే వేళకు గోవిందమ్మ తప్ప అందరూ ముందుగదిలో చేరారు. షహబాజ్ వైరు తగిలించాడు. మిషను మూలిగింది. ఎర్రదీపం వెలిగింది. రామమోహన్ కళ్లు మెరిశాయి. టేపు కదిలింది, ఆగింది, కీచుమంది, ఆగిపోయింది. టేపును తిప్పే రబ్బరు చక్రం ఇన్నేళ్ల ఎండలకు కరిగి బెల్లంపాకంలా తయారై ఉంది. టేపు దానికి అంటుకుని, చుట్టుకుని, టప్పున తెగింది.

"ఇంకోటి ఉంది కదా సార్?" అంది ప్రియదర్శిని.

"టేపుంది మేడం, బంగారంగా ఉంది. చదివే మిషనే ఇంక లేదు" అన్నాడు షహబాజ్ నెమ్మదిగా.

రామమోహన్ వినిపించుకోలేదు. మిషను మీదికి వంగి, లోపల చిక్కుకున్న టేపును పట్టకారుతో లాగుతూనే ఉన్నాడు. ప్రియదర్శిని ఏదో అడుగుతోంది, ఆయన చెవికి సగమే ఎక్కుతోంది.

"కంపెనీ అమ్మగారి పేరు మీదే రిజిస్టరయిందట కదా సార్?"

"ఆఁ, ఆఁ... ఆడోళ్ల పేరుమీదైతే లోను బిరీన ఇస్తాండ్రి. అంతా ఆమె పేరు మీదే" అన్నాడు తలెత్తకుండా.

ప్రియదర్శిని ఫొటోలు తీసుకుంది. వెళ్లేటప్పుడు రామమోహన్ వాకిటి దాకా వచ్చాడు. "అంత దూరం నుంచి పిలిపించి ఏమీ చూపించలేకపోతిని తల్లీ. పేజీ రాయకపోయినా ఏమీ అనుకోను" అన్నాడు.

"ఎందుకు రాయను సార్? నాకు కావలసిందంతా దొరికింది" అని ఆమె కారెక్కింది. పెద్దవాళ్ల మనసు నొప్పించకుండా అలా అందని ఆయన అనుకున్నాడు.

కానీ ఆమె నిజమే చెప్పింది. ఉగాది దాటాక పుస్తకం పోస్టులో వచ్చింది. పినాకినికి పేజీ కాదు, నాలుగు పేజీలు ఇచ్చింది. రామమోహన్ నిలబడే చదవడం మొదలుపెట్టాడు. రేకుల షెడ్డు ఉంది, ఎలుకలు ఉన్నాయి, దూదిమిల్లు ఉంది. 'పినాకిని వ్యవస్థాపకురాలు శ్రీమతి లక్ష్మీదేవి' అని పెద్ద అక్షరాల్లో ఉంది. రాయలసీమలో కంప్యూటరు పరిశ్రమ పెట్టిన తొలి మహిళల్లో ఆమె ఒకరని ఉంది. చివర్లో ఒక వాక్యం: 'సాంకేతిక విషయాల్లో ఆమె భర్త కూడా కొంత సహకరించారు.'

ఆయన పేరు ఎక్కడా లేదు. క్యాసెట్ల శెట్టి అని కూడా లేదు.

వెంటనే ప్రియదర్శినికి ఫోను కలిపాడు. అది మోగుతుండగానే లక్ష్మీదేవి చెయ్యి తుడుచుకుంటూ వచ్చి పుస్తకం అందుకుంది. అద్దాలు పెట్టుకుని, తన పేరు మీద వేలు పెట్టి, కూడబలుక్కుని చదివింది. మళ్లీ చదివింది.

"కంపెనీ కాయితాల మీద పెట్టమన్న కాడల్లా సంతకం పెట్టినా గానీ, నా పేరు ఇట్లా అచ్చులో చూసుకునింది లేదు" అని కొంగుతో కళ్లొత్తుకుంది.

"హలో, సార్? పుస్తకం అందిందా?" అంది ఫోనులో ప్రియదర్శిని. "ఏమైనా తప్పులుంటే చెప్పండి, రెండో ముద్రణలో సరిచేస్తాను."

రామమోహన్ భార్య వైపు చూశాడు. ఆమె ఆ పేజీని కొంగుతో తుడుస్తోంది, దాని మీద దుమ్మేమీ లేదు.

"తప్పులేం లేవమ్మా. అంతా సరిగ్గానే ఉంది" అన్నాడు.

ఆ నాలుగు పేజీల్లో ఒకదాని నిండా, మిషను వెనక నిలబడ్డ లక్ష్మీదేవి ఫొటో వేశారు. ఫొటో అంచున పట్టకారు పట్టుకున్న ఒక చెయ్యి మణికట్టు దాకా పడింది. అది తనదేనని రామమోహన్ ఇప్పుడు కొట్టుకు వచ్చిన ప్రతి గిరాకీకీ చీర చూపించేముందు చూపిస్తున్నాడు.